సుగ్గికి పోయిన పిల్లమ్మ

"బిడ్డకు ఎన్ని నెలలమ్మా?" అని అడిగాను.

అడగకూడని మనిషిని అడగకూడని మాట అడగడంలో నాకు మా ఇంట్లో పెద్ద పేరుంది. మాది ఎమ్మిగనూరులో నేతపని చేసే ఇల్లు. నా నాలుకను మగ్గానికి కట్టేస్తే గాని ఊరుకోదని మా అమ్మ నా చిన్నప్పుడే తేల్చేసింది. ఆ మాట అడిగేనాటికి నేను దేవనకొండ అవతల బండకొట్టాల అనే ఊరికి వచ్చి నాలుగు రోజులే. వలస పోయేవాళ్ళ పిల్లలను ఊళ్ళోనే ఉంచి చదివించడానికి బడిలో ఒక హాస్టలు పెట్టి, దానికి నన్ను వార్డెనుగా వేశారు. దీపావళి వెళ్ళిన వారం అది. పత్తి ఏరడానికీ, ఆ తర్వాత మిరపకాయ కోతలకూ ఊరు ఊరంతా గుంటూరు వైపు కదులుతోంది. దాన్నే ఇక్కడ సుగ్గికి పోవడం అంటారు.

లారీ నిండా బియ్యం సంచులు, గిన్నెలు, పరుపు చుట్టలు, ఒక కోళ్ళ గంప. వాటి నడుమ నలభై దాటిన ఒక ఆడమనిషి కూర్చుని, పసుపు గుడ్డలో చుట్టిన దేన్నో ఒడిలో పెట్టుకుని, ఎండ తగలకుండా కొంగు కప్పుతోంది. పసిబిడ్డ అనుకున్నాను. ఈ దుమ్ములో, ఈ కుదుపుల్లో పసికందును తీసుకుపోతున్నారే అని కోపం కూడా వచ్చింది. అందుకే అడిగాను.

లారీ ఎక్కుతున్నవాళ్ళు ఎక్కడివాళ్ళక్కడ ఆగారు. ఒకరిద్దరు తల తిప్పుకున్నారు. ఆమె మాత్రం నవ్వింది.

"లెక్క తెలీదు టీచరమ్మా. మా ఊరు పుట్టకముందే పుట్టిందంట" అంది.

పక్కన కూర్చున్న దానమ్మ అనే ఆమె నా వైపు వంగి మెల్లగా చెప్పింది. "అది బిడ్డ కాదు మేడమ్. వాళ్ళ దేవత. ఈమెకి పిల్లల్లేరు."

లారీ కదిలిపోయింది. నేను దుమ్ములో నిలబడిపోయాను. సిగ్గు రెండు రోజుల్లో పోయింది. ఆ పసుపు గుడ్డలో ఏముందో తెలుసుకోవాలన్న ఆత్రం మాత్రం పోలేదు.

ఊళ్ళో మిగిలింది పిల్లలు, ముసలివాళ్ళు, మారెమ్మ గుడి పూజారి దేవేంద్రప్ప. తనకు ఇష్టం లేని ప్రశ్న వినబడనట్టు ఉండటంలో దేవేంద్రప్పను మించినవాడు ఆ చుట్టుపక్కల లేడు. ఆయన అరుగు మీద మూడు సాయంత్రాలు కూర్చున్నాను. నాలుగో సాయంత్రం విసుక్కుని చెప్పాడు. ఊరి బయట నాలుగు బండలు నిలబెట్టి కట్టిన గుడిలో మారెమ్మ ఉంటుంది. ఆమె ఒడిలో కొబ్బరికాయంత రాయి ఒకటి ఉంటుంది. అది ఆమె కూతురు, పిల్లమ్మ. ఎప్పుడో ఒక కరువులో ఊరంతా పని వెతుక్కుంటూ లేచిపోతుంటే, నడవలేని ముసలివాళ్ళు గుడి ముందుకు వచ్చి ఏడ్చారట. పోయేవాళ్ళూ అదే గుడి ముందు నిలబడి ఏడ్చారట.

"అప్పుడు అమ్మ ఏం సేస్తాది? ముసిలోళ్ళకి తోడు నేనుంటా, పనికి పోయేవాళ్ళెంట నువ్వు పో అని కూతురికి సెప్పింది. అంతే కత. ఇంక పో టీచరమ్మా, నాకి పనుండాది."

ఆయనకు పనేమీ లేదు. నేను లేవలేదు. పిల్లమ్మ నాన్న ఎవరని అడిగాను. ఆయనకు వినబడలేదు.

మిగతాది ముక్కలు ముక్కలుగా రాబట్టాను. సుగ్గి ముగిసి వచ్చాక పిల్లమ్మను మళ్ళీ తల్లి ఒడిలో పెడితేనే అమ్మవారి జాతర, అంటే ఊరి దేవర, మొదలవుతుంది. ఇక పిల్లమ్మను మోసే మనిషికి ఉండాల్సిన అర్హత ఒకటే. ఆమెకు బిడ్డలు ఉండకూడదు.

"బిడ్డలుండే ఆమె ఎత్తుకుంటే పిల్లమ్మకి సగం ఒడే కదా దక్కేది" అన్నాడు దేవేంద్రప్ప, ఇంతమాత్రం తెలీదా అన్నట్టు.

ఆ మాట నన్ను చాలా రోజులు వదల్లేదు. పేరంటాల్లో, పెళ్ళిళ్ళలో, ఉయ్యాల దగ్గర పిల్లల్లేని ఆడదాన్ని పక్కకు జరపడమే నేను పుట్టినప్పటినుంచి చూశాను. నాకు బిడ్డల్లేని మనిషే కావాలి, మిగతావాళ్ళు జరగండి అనే దేవత ఒకామె ఉంటుందని నాకెవరూ చెప్పలేదు. నేను పెద్ద భక్తురాలిని కాను. కానీ ఈ దేవతను కనిపెట్టినవాళ్ళెవరో వాళ్ళను ఒకసారి చూడాలనిపించింది.

ఉగాదికి ముందు లారీ తిరిగొచ్చింది. ఆమె పేరు హులిగమ్మ అని అప్పుడు తెలిసింది. తప్పయిందని చెప్పుకోవాలని వాళ్ళింటికి వెళ్ళి, అది చెప్పకుండానే ప్రశ్నలు మొదలుపెట్టాను. ఆమె కోపగించుకోలేదు. "నువ్వు అడుగుతాండు, నేను సెప్తాంటా" అంటూ వేరుశనక్కాయలు ఒలిచి నా చేతిలో పెట్టింది. ఆ తర్వాత నాలుగేళ్ళు మా స్నేహం అలాగే సాగింది.

ఆమె పుట్టింది మద్దికెర వైపు ఒక పల్లెలో. కన్నడం వైపున్న హులిగి అమ్మవారికి మొక్కుకున్నాక పుట్టిందని ఆ పేరు పెట్టారు. పద్దెనిమిదో ఏట మద్దయ్యకు ఇచ్చి చేశారు. పిల్లల కోసం ఉరుకుంద ఈరన్నకు మొక్కారు, ఆదోని ఆసుపత్రుల మెట్లెక్కారు. ఇంకో పెళ్ళి చేసుకోమన్నాడని మద్దయ్య సొంత నాన్నతో రెండేళ్ళు మాట్లాడలేదు. అది చెప్పేటప్పుడు మాత్రం హులిగమ్మ గొంతులో గర్వం వినబడేది. మిగతాదంతా ఎవరి కథో చెప్పినట్టు చెప్పేది, ఒక్క సంగతి తప్ప.

పక్కింటి పిల్ల కొత్తగా అత్తగారింటికి పోతుంటే ఒడిబియ్యం పోస్తున్నారట. పుట్టింటి ఆడవాళ్ళు పసుపు కలిపిన బియ్యం దోసిళ్ళతో ఆ పిల్ల కొంగులో పోసి సాగనంపడం మా వైపు ప్రతి ఇంట్లో ఉన్నదే. ఆ పిల్లను చిన్నప్పుడు చంకనేసుకుని తిప్పింది హులిగమ్మే. తన వంతు వచ్చిందని ఆమె దోసిలి పట్టేసరికి, ఎవరో పెద్దావిడ బియ్యం తట్టను పక్కకు లాగేసింది.

"తట్ట పక్కకు పాయ. నా దోసిలి అట్లనే ఉండిపాయ" అని హులిగమ్మ రెండు చేతులూ కలిపి పట్టి నాకు చూపించింది. "ఆ పొద్దునుంచి ఎవురు పిలిచినా పోలేదు టీచరమ్మా."

ఆ తర్వాతి ఏడే, అంతవరకు పిల్లమ్మను మోసిన ముసలి సుంకులమ్మకు ఓపిక తగ్గి, హులిగమ్మను పిలిచి ఒడిలో పెట్టింది. అప్పటినుంచి దేవర రోజు ఊరంతా ఆమె కోసం ఆగుతుంది. ఆమె గుడిలోకి పోయి పిల్లమ్మను తల్లి దగ్గర దించేవరకు డప్పు మోగదు, పొయ్యి మీద కుండ ఎక్కదు. "ఆ ఒక్క పొద్దు ఎవురూ నా ముఖం సూసి పక్కదోవ పట్టరు" అనేది హులిగమ్మ. ఆ ఒక్క రోజు పోతే తాను మళ్ళీ ఎదురుగా తట్ట లాగేయించుకున్న మనిషేనని ఆమెకు తెలుసు. నాకూ తెలుసు.

అప్పగించేటప్పుడు సుంకులమ్మ ఒక కట్టుబాటు చెప్పింది. పనిచేసే చోట పిల్లమ్మను చేను గట్టున కూర్చోబెట్టవచ్చు. కానీ ప్రతి మంగళవారం స్నానం చేయించి మూడుసార్లు ఎత్తి దించాలి. ఎత్తకపోతే పిల్ల అక్కడే వేరు పెట్టుకుంటుంది. మోసే మనిషి తప్ప ఇంకెవరూ ఎత్తకూడదు.

"రాయికి వేర్లేంది హులిగమ్మా?" అని నవ్వాను.

"మీ పుస్తకాల్లో లేదేమోలే" అని ఆమె కూడా నవ్వింది.

పసుపు కింద రాయి ఏ రంగని అడిగాను. నలుపట. వీపున చిన్న తెల్ల మచ్చ ఉందట. ఆ మచ్చ సంగతి హులిగమ్మకు తప్ప ఊళ్ళో ఎవరికీ తెలియదు.

పోయినేడు ఉగాదికి పది రోజుల ముందు లారీ వచ్చింది. పిల్లలు అమ్మానాన్నల మీద పడి గోల చేస్తున్నారు. హులిగమ్మ పసుపు గుడ్డ మూటను రొమ్ముకు హత్తుకుని దిగింది. పలకరించాను, పలకలేదు. మరునాడు మధ్యాహ్నం హాస్టలు వంటగదిలోకి వచ్చి తలుపు వేసి, మూట నా ముందు పెట్టి విప్పింది. లోపల బోర్లించిన రాగిచెంబు ఉంది.

"పిల్లమ్మ యాడ?" అన్నాను.

"రాలేదు" అంది. నేల మీద కూర్చుని మొత్తం చెప్పింది.

గుంటూరు దగ్గర ఒక ఊళ్ళో వెంకాయమ్మ గారని ఒక ఆసామి భార్య ఉంది. వాళ్ళ చేలల్లో ఈ ముఠా ఏటా పని చేస్తుంది. పోయినేడు ముఠాలో చాలామంది పక్క ఊళ్ళకు పోగా, అక్కడ మిగిలింది హులిగమ్మ, మద్దయ్య, దానమ్మ, ఆమె భర్త సామ్సన్. మాఘమాసంలో ఒక మంగళవారం మిరపకాయలు కల్లంలో ఆరబోసి ఉండగా ఉన్నట్టుండి మబ్బు కమ్మింది. అప్పుడే పిల్లమ్మకు స్నానం చేయించడానికి హులిగమ్మ బిందె ఎత్తుకుంది. బిందె అక్కడే పడేసి కల్లంలోకి పరుగెత్తింది. నలుగురూ కాయను కుప్ప చేసి పట్టలు కప్పారు. గాలికి పట్టలు లేచిపోతుంటే వాటి మీద వాన వెలిసేదాకా పడుకున్నారు. చుట్టుపక్కల కల్లాలన్నీ తడిసిపోయాయి. వెంకాయమ్మ గారి కాయ మాత్రం ఒక్కటీ తడవలేదు. ఆ పరుగులో పిల్లమ్మను ఎత్తడం హులిగమ్మ మరిచిపోయింది. వానలో నానినందుకు జ్వరం పట్టుకుని పది రోజులు గుడారంలోంచి లేవలేదు. రెండో మంగళవారం అలా పోయింది.

లేచి వచ్చేసరికి గట్టు మీద తాపీపనివాళ్ళు ఉన్నారు. పిల్లమ్మ చుట్టూ తిన్నె కట్టి, నడుము దాకా సిమెంటులో కూర్చోబెట్టేశారు. ఎర్ర చీర, చేతులు లేకపోయినా ముందు రెండు డజన్ల గాజులు. కాయను వాన నుంచి కాపాడింది ఈ అమ్మేనని వెంకాయమ్మ గారికి గట్టి నమ్మకం కుదిరింది.

పట్టలు కప్పింది హులిగమ్మ, పేరు పిల్లమ్మకు. నాకు ఒళ్ళు మండింది. "ఆ పట్టల మీద పడుకున్న మీకు ఆమె టీ అయినా పోసిందా?" అని అడిగాను.

"పోసింది. బాగనే ఉండె టీ" అంది హులిగమ్మ. "ఆమె తప్పు కాదు టీచరమ్మా. నేను ఎత్తలేదు. పిల్ల వేరు పెట్టుకుంది."

"ఇది మా ఊరి అమ్మ అని ఆమెతో చెప్పలేదా?"

"నోరు రాలేదు. ఆమె ఏమే అంటే, ఏమమ్మా అని పలికే మనిషిని. పూజ సేసేటప్పుడు మమ్మల్ని దూరం నిలబడమనింది. నిలబడినాం."

అప్పుడు కొంగు ముడి విప్పి ఒక నల్లరాయి తీసింది. ఊరి పక్క వంకలోంచి ఏరుకొచ్చిందట. అంతే పరిమాణం. పసుపు పూస్తే ఎవరికీ తెలియదు, పెట్టెయ్ అన్నాడట మద్దయ్య. దానమ్మ మాత్రం, నీ దేవత సంగతి నాకి తెలీదు గానీ నన్నెవరన్నా అడిగితే అబద్ధం సెప్పలేను అందట.

నేనేం చెప్పానో రాయడానికి ఇప్పుడు సిగ్గుగా ఉంది. "పెట్టెయ్ హులిగమ్మా, అదీ రాయే, ఇదీ రాయే. నీ చోటు నీకుంటుంది" అన్నాను.

ఆమె ఆ రాయిని ఒడిలోకి తీసుకుంది, చెంబు పెట్టిన పసుపు గుడ్డలో కాదు, ఊరికే చీర మీద. "వంక కాడినుంచి ఈడిదాకా ఇట్లనే తెచ్చినా, సూద్దామని. రాయి బరువే ఉండాది టీచరమ్మా."

పోతూ పోతూ ఆ రాయిని నా కిటికీలో పెట్టి వెళ్ళింది. దేవర జరిగే మంగళవారం పొద్దున వచ్చి తీసుకుంటానో లేదో తెలీదంది.

దేవర మంగళవారం నేను ముందుగా కిటికీ చూశాను. రాయి అక్కడే ఉంది. గుడికి పోయాను. డప్పులవాళ్ళు చిన్న మంట వేసి డప్పులు కాచుకుంటున్నారు. ఆడవాళ్ళు కుండలు ఎత్తుకుని వరసగా నిలబడ్డారు. హులిగమ్మ తలస్నానం చేసి, పసుపు గుడ్డ మూట ఎత్తుకుని వచ్చింది. అందరూ దారి ఇచ్చారు. ప్రతి దేవరకూ లాగే ఎవరూ ముఖం తిప్పుకోలేదు, ఆమెను చూస్తూనే దారి ఇచ్చారు.

"పిల్లను తేమ్మా" అన్నాడు దేవేంద్రప్ప లోపలినుంచి.

హులిగమ్మ గడప దగ్గర మోకాళ్ళ మీద కూర్చుని గుడ్డ విప్పి నేల మీద పరిచింది. లోపల ఏమీ లేదు, చెంబు కూడా లేదు.

"పిల్ల రాలేదు" అంది. అందరికీ వినబడింది. "రెండు మంగళవారాలు నేను ఎత్తలేదు. ఆడనే వేరు పెట్టుకుంది. ఆ ఊరోళ్ళు సిమెంటు ఏసి నిలబెట్టుకున్నారు. తప్పు నాది."

అందరూ ఒక్కసారిగా మాట్లాడారు. వాన పడకపోతే ఎవరిది బాధ్యత అన్నారు. కూలి దొరక్కపోతే ఎవరిది అన్నారు. లక్ష్మన్న అనే ఆసామి గొంతు అందరికంటే పైకి లేచింది. "గొడ్రాలి చేతికిస్తే ఇట్లనే అయితాది!"

"ఆ పనికి గొడ్రాలే కావాలన్నది మీ దేవతే" అని అరిచాను. నేను పరాయి ఊరిదాన్ని, హాస్టలు వార్డెనును, నాకు అక్కడ మాట్లాడే హక్కు లేదు. అయినా అరిచాను.

దానమ్మ వేపచెట్టు కింద దూరంగా నిలబడి ఉంది. ఆమె ఆదివారం చర్చికి పోయే మనిషి. "మీ దేవతతో నాకి పనిలేదు" అంది గట్టిగా. "కానీ ఆ పొద్దు వానలో పట్ట మీద నా పక్కన పడుకునింది ఈమె. జరమొచ్చి పది దినాలు లేయలేదు. సూసిందే సెప్తాండా."

దేవేంద్రప్ప బయటికి వచ్చాడు. ఎవరినీ చూడకుండా హులిగమ్మను అడిగాడు.

"పిల్లకి సీర కట్టినారా?"

"కట్టినారు. ఎర్రది."

"గాజులు?"

"పెట్టినారు."

"దినామూ నీళ్ళు పోస్తాండారా?"

"ఆ ఇంటామె పొద్దున్నే లేసి పోస్తాది."

"మనల్ని అడిగినారా?"

"అడగలేదు."

ఆయన లోపలికి పోయాడు. ఎంతసేపటికీ రాలేదు. నేను మెడ సాచి తొంగిచూశాను. మారెమ్మ ఖాళీ ఒడిలో అరచెయ్యి ఆనించి, కళ్ళు మూసుకుని కూర్చున్నాడు. తర్వాత పైపంచెతో ముఖం తుడుచుకుని వచ్చాడు.

"పిల్ల పోలేదప్పా. పిల్లని ఇచ్చినట్టయింది" అన్నాడు. "సీర కట్టినారు, గాజులు పెట్టినారు, ఇల్లు కట్టినారు. మనల్ని అడక్కుండా సేసుకున్నారు, అది వాళ్ళ తప్పు. ఒడిబియ్యం పొయ్యకుండా పిల్లని వదిలేసి వచ్చినాం, ఇది మన తప్పు. ఈసారి సుగ్గికి పోయినప్పుడు పోసి రావాల."

"మరి అల్లుడెవరు తాతా?" అని నా నోరు ఊరుకోక అడిగాను. ఆయనకు వినబడలేదు.

"ఎవురు పొయ్యాల?" అని ఆడవాళ్ళలోంచి ఎవరో అడిగారు.

"తల్లి పొయ్యాల. అమ్మ ఈడినుంచి కదిలేది లేదు. ఆమె తరఫున ఇంకో తల్లి పొయ్యాల."

లక్ష్మన్న భార్య భారతి ముగ్గురు కొడుకుల తల్లి. ఇలాంటి పనులకు ఊళ్ళో ముందుగా పిలిచేది ఆమెనే. అప్పటికే కొంగు సర్దుకుని ముందుకు వచ్చింది. దేవేంద్రప్పకు వినబడనట్టు ఉండటమే కాదు, కనబడనట్టు ఉండటం కూడా వచ్చని అప్పుడు తెలిసింది. భారతిని దాటి కిందికి చూశాడు.

"ఇన్నేండ్లు ఒళ్ళో మోసింది ఎవురో ఆమే తల్లి. లెయ్యి హులిగమ్మా."

ఆమె లేవలేదు. లేవలేకపోయింది. మద్దయ్య వచ్చి రెండు భుజాలూ పట్టుకుని లేపాడు. డప్పు మోగింది. నాకు ఏడుపు ఆగలేదు, దాచుకోవాలని కూడా అనిపించలేదు.

దీపావళి వెళ్ళాక మళ్ళీ లారీ కదిలింది. మాట్లాడేకి నువ్వుంటే ధైర్యమని హులిగమ్మ పిలిచింది. పిలవకపోయినా పోయేదాన్ని. రెండు రోజులు సెలవు పెట్టి ఎక్కాను. ఎమ్మిగనూరులో మా అన్న మగ్గం మీద రెండు మూరల చీర నేసిచ్చాడు, అంచూ కొంగూ అన్నీ ఉన్నాయి. ఊళ్ళో ప్రతి ఇంటినుంచి దోసెడు బియ్యం వచ్చాయి. దానమ్మ ఇంటినుంచీ వచ్చాయి. బియ్యానికేముంది, తీసుకో అందట. ఆ బియ్యం మూటను పసుపు గుడ్డలో కట్టి, హులిగమ్మ దారంతా ఒడిలోనే పెట్టుకుంది. ఈసారి నేను ఏమీ అడగలేదు.

వెంకాయమ్మ గారి చేను గట్టున తిన్నెకు తెల్ల పలకలు అంటించారు, పైన రేకు కప్పారు. పిల్లమ్మ కాస్త లావెక్కినట్టుంది, ఎవరో బాగా పసుపు మెత్తుతున్నారు. మేమందరం అక్కడ నిలబడేసరికి ఇంట్లోంచి వెంకాయమ్మ గారు వచ్చింది. అరవై దగ్గరపడ్డ మనిషి, చేతిలో కందిపప్పు ఏరుతున్న చేట.

"ఏమే, వచ్చీ రాగానే చేలోకి దిగకుండా ఈ గుంపేంటే?" అంది.

నేను నోరు తెరవబోయాను. హులిగమ్మ చేత్తో ఆపింది.

"ఈ పిల్ల మాది" అంది. "మా ఊర్లో తల్లి ఉండాది. మమ్మల్ని అడక్కుండా పెట్టుకున్నావు. గొడవ పెట్టుకునేకి రాలేదు. పిల్లకి ఒడిబియ్యం పొయ్యలేదు, పోసేకి వచ్చినా."

వెంకాయమ్మ గారు ఆమెను చూసింది. తిన్నె మీది పిల్లమ్మను చూసింది. వెనక్కి తిరిగి ఇంట్లోకి పోయింది. ముఠావాళ్ళు ఒకరి ముఖాలొకరు చూసుకున్నారు. ఈ ఏడు పని పోయినట్టేనని సామ్సన్ గొణిగాడు. ఆమె ఇంట్లోంచి మళ్ళీ వస్తే ఏమనాలో నేను మనసులో కూర్చుకుంటున్నాను. మంచి మంచి మాటలే దొరికాయి, అవన్నీ వృథా అయ్యాయి.

ఆమె వచ్చింది. చీర మార్చుకుంది, పట్టుచీర. ఒక చేతిలో కుంకుమ పళ్ళెం, ఒక చేతిలో నీళ్ళ చెంబు. వెనక పక్కింటి ఆడవాళ్ళు ముగ్గురు.

"ముందుగా కబురు పెట్టొద్దూ వదినా?" అంది హులిగమ్మతో. "ఇదుగో, ముందు కాళ్ళు కడుక్కో."

పిల్లనిచ్చిన ఇంటి ఆడవాళ్ళూ, పిల్లను తెచ్చుకున్న ఇంటి ఆడవాళ్ళూ ఒకరినొకరు వదినా అనే పిలుచుకుంటారు. అందులో వింతేమీ లేదు. అయినా ఆ పిలుపు విని దానమ్మ నా చెయ్యి గట్టిగా పట్టుకుంది.

హులిగమ్మ కాళ్ళు కడుక్కుంది. వెంకాయమ్మ గారు బొట్టు పెట్టింది. మా అన్న నేసిన చీర పిల్లమ్మకు కట్టి, కొంగు పరిచి, హులిగమ్మ దోసిలి నింపుకుని పోసింది. ఒకటి, రెండు, మూడు. ఎవరూ తట్ట లాగలేదు. ఆ తర్వాత వంగి పిల్లమ్మ చుట్టూ రెండు చేతులూ వేసి ఎత్తబోయింది. సిమెంటు కదలదని ఆమెకూ తెలుసు. అయినా మూడుసార్లు ఎత్తుతున్నట్టే చేతులు బిగించి, మూడుసార్లు వదిలింది.

"పైమంగళవారం కూడా రా" అంది వెంకాయమ్మ గారు. పప్పన్నం వండిస్తున్నానని, అందరూ తినే చేలోకి దిగాలని అంది. మరునాటి నుంచి పనిలో ఆమె హులిగమ్మను మళ్ళీ ఏమే అనే పిలిచిందట, పిల్లమ్మ దగ్గరికి వచ్చినప్పుడు వదినా అనేదట. అది నాకు తర్వాత ఫోనులో తెలిసింది.

భోజనాలయ్యాయి. పక్కింటి ఆడవాళ్ళలో ఒకామె తాంబూలం ఇస్తూ హులిగమ్మను అడిగింది. "పిల్లలెంతమందమ్మా నీకు?"

ఎవరైనా మాట మారిస్తే బాగుండుననిపించింది. మద్దయ్య తల దించుకున్నాడు. హులిగమ్మ తమలపాకులు అందుకుని కళ్ళకద్దుకుంది.

"ఒక్కతే కూతురమ్మా. మీ ఊరికే ఇచ్చినాం" అంది.

తర్వాత కుచ్చెళ్ళు ఎగదోపి, పత్తి వేసుకోవడానికి ఒడి కట్టుకుని, అందరికంటే ముందు చేలోకి దిగింది.